పాతబస్తీ అరబ్బీ, తార్నాక స్పానిష్

హైదరాబాద్‌లో స్పానిష్ వచ్చినవాళ్లకు ఉద్యోగాల కరువు లేదు. చిక్కల్లా అక్కడే. స్పెయిన్, మెక్సికో కస్టమర్లతో వాళ్ల భాషలోనే మాట్లాడేవాళ్లు హైటెక్ సిటీ కంపెనీలకు కావాలి. డిగ్రీ చేతికందగానే జీతం పిలుస్తుంది. ఆ పిలుపు విననట్టు నటించగలిగిన కొద్దిమందే సాహిత్యం దగ్గర ఆగి పరిశోధకులవుతారు.

వాళ్ల దారి తార్నాక మీదుగా పోతుంది. అక్కడ 1958లో ఇంగ్లిష్ బోధన కోసం పెట్టిన సంస్థ 1972లో విదేశీ భాషలను కూడా కలుపుకుని సీఫెల్ అయింది. 2007 నుంచి ఇఫ్లూ అనే కేంద్రీయ విశ్వవిద్యాలయం. స్పానిష్‌లో బీఏ, ఎంఏ, పీహెచ్‌డీ మూడూ ఉన్నాయి. లెక్చరర్ కావాలంటే ఎంఏలో 55 శాతం మార్కులు తెచ్చుకుని (రిజర్వేషన్ ఉన్నవాళ్లకు 50), సాధారణంగా యూజీసీ నెట్ గట్టెక్కాలి. నెట్‌లో స్పానిష్ ఒక సబ్జెక్టు. జేఆర్ఎఫ్ (పరిశోధన ఫెలోషిప్) కూడా వస్తే పరిశోధన రోజుల్లో ఇంటి మీద ఆధారపడే పని ఉండదు. అసిస్టెంట్ ప్రొఫెసర్‌తో మొదలై ప్రొఫెసర్ దాకా మెట్లు అన్ని సబ్జెక్టుల్లో లాంటివే.

అసలు కష్టం భాష వచ్చాక మొదలవుతుంది. సెర్వాంటెస్ 'డాన్ కిహోతే' రెండు భాగాలూ 1605లో, 1615లో వచ్చాయి. పేపర్ చదవడం వచ్చినంత మాత్రాన మనుచరిత్ర అర్థమవుతుందా? ఇదీ అంతే. ఆ నవలను ఢిల్లీ విశ్వవిద్యాలయంలో పాఠాలు చెప్పిన విభా మౌర్య స్పానిష్ నుంచి నేరుగా హిందీలోకి తెచ్చారు. తెలుగువాళ్లకు నెరూడా, మార్క్వెజ్ చాలావరకు ఇంగ్లిష్ మీదుగానే అందారు. తెలుగు తెలిసిన స్పానిష్ పండితుడికి ఈ ఒక్క పనే ఒక జీవితానికి చాలు.

అయితే పాతబస్తీ పిల్లలకు ఇంకో దారి కూడా ఉంది. దాని గురించి ఎవరూ పెద్దగా చెప్పరు.

స్పెయిన్‌లో ముస్లింల పాలన 711లో మొదలై, 1492లో గ్రనడా పతనంతో ముగిసింది. అంటే స్పానిష్ సాహిత్యం పునాదుల్లో అరబ్బీ ఉంది. ఈ సంగతిని అక్కడి విద్యాలోకం ముందు గట్టిగా పెట్టినవాడు మిగెల్ అసీన్ పలాసియోస్. ఆయన కాథలిక్ ఫాదర్, మాడ్రిడ్ విశ్వవిద్యాలయంలో అరబ్బీ ప్రొఫెసర్. డాంటే స్వర్గనరకాల వర్ణన వెనుక ఇస్లామిక్ గాథలున్నాయని 1919లో స్పానిష్ రాయల్ అకాడమీలో చేరుతూ ప్రసంగించి యూరప్‌లో పెద్ద దుమారమే లేపాడు. చివరికి అదే అకాడమీకి డైరెక్టర్ కూడా అయ్యాడు. అరబ్బీ ప్రొఫెసర్‌కు స్పానిష్ భాషా పీఠమే పగ్గాలు అప్పగించిందన్నమాట.

1948లో శామ్యూల్ స్టెర్న్ అనే పరిశోధకుడు ఇంకో ముడి విప్పాడు. ముస్లింల పాలనలోని స్పెయిన్‌లో హీబ్రూ కవులు రాసిన గీతాల చివర, హీబ్రూ లిపిలో, అప్పటిదాకా ఎవరికీ కొరుకుడుపడని పంక్తులుండేవి. అవి పాత స్పానిష్ పంక్తులని తేల్చాడు. నాలుగేళ్లకు స్పెయిన్ పండితుడు గార్సియా గోమెజ్ అరబ్బీ గీతాల్లోని అలాంటి పంక్తులను వెలికితీశాడు. వీటిని హర్చాలంటారు. చాలావాటిలో మాట్లాడేది ప్రియుడి కోసం బెంగపెట్టుకున్న అమ్మాయి. అరబ్బీ లిపిలో దాక్కున్న ఈ పాత స్పానిష్‌ను చదవడానికి మాడ్రిడ్ విద్యార్థి అలీఫ్, బే నుంచి మొదలుపెట్టాలి. మదర్సాలో చదివిన షాలిబండ కుర్రాడికి ఆ అక్షరాలు చిన్నప్పుడే వచ్చేశాయి. వాడికి కొత్తగా కావలసింది స్పానిష్.

పుస్తకాలకూ దూరం పోనక్కర్లేదు. ఇఫ్లూ పక్కనే ఉన్న ఉస్మానియా ప్రాంగణంలో 1888 నాటి దాయిరతుల్ మారిఫ్ ఉంది. అరుదైన అరబ్బీ రాతప్రతులను పరిష్కరించి అచ్చువేయడమే దాని పని. స్పెయిన్‌లోని ముర్సియాలో 1165లో పుట్టిన సూఫీ ఇబ్న్ అరబీ చిన్న రచనల సంపుటిని అది ప్రచురించింది కూడా 1948లోనే. అసీన్ పలాసియోస్ ఏళ్ల తరబడి చదివిన రచయితల్లో ఈ ఇబ్న్ అరబీ ఒకడు.

ఇఫ్లూలో అరబ్బీ విభాగం, స్పానిష్ విభాగం రెండూ ఒకే ప్రాంగణంలో ఉన్నాయి. ఆ రెండింటి మధ్య నిలబడే పీహెచ్‌డీ అంశం ఎంచుకున్న విద్యార్థికి హైదరాబాద్‌లో పోటీ తక్కువ. స్పెయిన్‌లో అరబ్బీ చదువులకు పాత సంప్రదాయమే ఉంది కాబట్టి వాడి వ్యాసాలు చదివేవాళ్లు అక్కడా దొరుకుతారు. ఈలోగా హైటెక్ సిటీ నుంచి ఫోన్ వస్తే ఏం చేయాలన్నది వాడే తేల్చుకోవాలి.