ఒక సవరణకు మూడు తేదీలు

వేతన సవరణ ఉత్తర్వు వెలువడగానే అందరి చూపు ఫిట్‌మెంట్ శాతంపై నిలుస్తుంది. అనుభవం గల గుమాస్తా మాత్రం ముందుగా తేదీల పేరాను వెదకి చదువుతాడు. శాతము ఎంతో ఘనముగా కనిపించినా, ఆ ఘనత ఎవరి ఇంటికి చేరుతుందో నిర్ణయించేది తేదీయే.

సూరత్ సమీపాన కడోదరా, పల్సానా ప్రాంతాలలో ఉద్యోగరీత్యా స్థిరపడిన మన కుటుంబాలకు ఈ విషయం కొత్త కాదు. అన్న రాష్ట్ర ఉపాధ్యాయుడు, వదిన కేంద్ర ఉద్యోగిని, తమ్ముడు ప్రభుత్వరంగ సంస్థలో అయితే, ఒకే ఇంటిలో మూడు రకాల అమలు తేదీలు ఉంటాయి.

కేంద్ర ఉద్యోగుల సంగతి కొంత సులువు. ఆరవ వేతన సంఘం వేతనాలు 1-1-2006 నుండి వర్తించగా, బకాయిలలో 40 శాతం 2008-09లోను, మిగిలిన 60 శాతం 2009-10లోను చెల్లించారు. ఏడవ సంఘం మూలవేతనం 1-1-2016 నుండే చేతికి వచ్చింది. సవరించిన భత్యాలు మాత్రం 1-7-2017 నుండి వచ్చాయి. ఆ పద్దెనిమిది నెలల ఇంటి అద్దె భత్యపు తేడా ఎవరికీ రాలేదు.

అసలు చిక్కు మన తెలుగు రాష్ట్రాలలో ఉన్నది. అక్కడ ఒక సవరణకు మూడు తేదీలుంటాయి. మొదటిది కాగితంపై వేతనం స్థిరపరచే తేదీ. దీనినే కార్యాలయ భాషలో నోషనల్ అంటారు. రెండవది ఆర్థిక లాభం లెక్కలోకి వచ్చే తేదీ. మూడవది జీతంతో పాటు నగదు అందే నెల. ఉమ్మడి రాష్ట్రంలో 1-7-2003 నాటి సవరణకు ఆర్థిక లాభం 1-4-2005 నుండి, 1-7-2008 నాటి దానికి 1-2-2010 నుండి లభించింది. అంటే మొదటిదానిలో 21 నెలలు, రెండవదానిలో 19 నెలలు కాగితానికే పరిమితం. 1-7-2013 నాటి సవరణలో 43 శాతం ఫిట్‌మెంట్ ఇచ్చిన రెండు రాష్ట్రాలూ ఆర్థిక లాభాన్ని రాష్ట్రం విడిపోయిన 2-6-2014 నుండి ఇచ్చాయి. 1-7-2018 నాటి సవరణకు రెండుచోట్లా ఆ తేదీ 1-4-2020. మరల 21 నెలలు. నెలకు నాలుగు వేల రూపాయలు పెరిగిన ఉద్యోగి ఆ కాలంలో వదులుకున్నది 84,000 రూపాయలు.

ఈ పద్ధతికి ప్రభుత్వం చెప్పే కారణం ఖజానా భారం. ఐదేళ్ల గడువు కాగితంపై తప్పకుండా ఉంటుంది, బకాయి బరువూ తగ్గుతుంది. వాదనలో బలం లేకపోలేదు. అయితే సంఘాన్ని ఆలస్యంగా నియమించి, నివేదికపై ఆలస్యంగా నిర్ణయించి, ఆ ఆలస్యపు మూల్యాన్ని ఉద్యోగి వద్ద వసూలు చేయడం న్యాయమనిపించదు.

ఆంధ్రప్రదేశ్‌లో 2022లో జరిగినది తెలిసినదే. అప్పటికి 27 శాతం మధ్యంతర భృతి పొందుతున్నవారికి జనవరి 17 నాటి ఉత్తర్వులలో 23 శాతం ఫిట్‌మెంట్ వచ్చింది. భృతి తేడాను తిరిగి రాబడతారన్న భయం, ఇంటి అద్దె భత్యం తగ్గింపు తోడై, ఫిబ్రవరి 3న ‘చలో విజయవాడ’కు వేలాది ఉద్యోగులు కదలివచ్చారు. చర్చలలో రాబట్టుడు లేదన్న హామీ వచ్చాక సమ్మె యోచన విరమించారు.

మన పరిసరాల మగ్గాలపైన, మిల్లులలోను పనిచేసే తెలుగువారికి ఈ మూడు తేదీల గొడవ లేదు. కనీస వేతనంపై వచ్చే కరువు భత్యం ఏటా ఏప్రిల్ 1న, అక్టోబరు 1న మారుతుంది. ఆ రోజునుండే అది రావలసిన సొమ్ము. వారి కష్టం తేదీతో కాదు, అది నిజంగా ఇస్తున్నారా అన్నదానితో.

తేదీ దెబ్బ అందరికంటె ఎక్కువగా తగిలేది, నడుమ పదవీ విరమణ చేసినవారికి. సర్వీసులో ఉన్నవానికి రేపటి జీతమైనా పెరుగుతుంది. విరమించినవానికి గ్రాట్యుటీ ఒక్కసారే లభిస్తుంది. న్యాయస్థానాలు కూడ ఈ తేడాను గుర్తించాయి. 17-12-1982 నాటి నకారా తీర్పులో సుప్రీంకోర్టు, 31-3-1979కి ముందు విరమించిన వారిని మెరుగైన పెన్షన్ సూత్రం నుండి తప్పించడం చెల్లదన్నది. కాని 1986లో ఆంధ్రప్రదేశ్ పెన్షనర్ల సంఘం వ్యాజ్యంలో అదే కోర్టు, 1-4-1978 నుండి పెంచిన గ్రాట్యుటీ అంతకుముందు విరమించినవారికి వర్తించదని తీర్పిచ్చింది. పెన్షన్ నెలనెలా ప్రవహించేది, గ్రాట్యుటీ ఒకనాడు తీరిపోయేది అన్నది అందలి తర్కం. చట్టపరంగా సరియైనదే, ఒక్కరోజు ముందు విరమించినవానికి మాత్రం మింగుడుపడదు.

మన రంగంలోను ఇదే చూశాము. గ్రాట్యుటీ పరిమితి పది లక్షల నుండి ఇరువది లక్షలకు పెరగడం కేంద్ర ఉద్యోగులకు 1-1-2016 నుండి, ప్రభుత్వరంగ సంస్థల అధికారులకు 1-1-2017 నుండి, చట్టంపైనే ఆధారపడినవారికి 29-3-2018 నుండి వర్తించింది. పైగా మనకు 3-8-2017 నాటి ఉత్తర్వులలో సంస్థ భరించగల శక్తి అనే షరతు కూడ ఉన్నది. లాభం చాలని సంస్థలో 1-1-2017 అన్న తేదీ ఉండీ లేనట్లే.

అవే ఉత్తర్వుల ప్రకారం తదుపరి సవరణ పదేళ్లకు మించకూడదు. కేంద్రంలో ఎనిమిదవ వేతన సంఘాన్ని 2025 నవంబరులో నియమించారు. కనుక ఫారాలు మరల మన బల్లలపైకి రానున్నవి. సవరించిన స్కేలులోకి అమలు తేదీనుండే వెళ్లాలా, తదుపరి ఇంక్రిమెంటు తేదీనుండి వెళ్లాలా అన్న ఆప్షన్ ఉద్యోగి చేతిలోనే ఉంటుంది. ఏడవ సంఘం నిబంధనలలో అందుకు మూడు నెలల గడువిచ్చారు. ఒకసారి ఇచ్చిన ఆప్షన్ మార్చుకొనే వీలు లేదన్నారు. సంతకానికి ముందు రెండు విధాలా లెక్క వేయించుకొనగలరు.