కళాయి పోయిన గిన్నె

బెంగాలు నాగపూరు రైల్వే కాలమున ఉద్యోగములకై బిలాసుపురము చేరిన తెలుగు కుటుంబములు తమ వెంట చింతపండు పులుసును కూడ తీసికొనిపోయినవి. మంగ్లాలోనైనను, కోనసీమలోనైనను, ఆ పులుసు ఇత్తడి గిన్నెలో కాగునప్పుడు దానికిని లోహమునకును నడుమ నిలుచునది పలుచని తగరపు పూత ఒక్కటే. దానినే కళాయి అందురు.

పూత అరిగినచో పులుపు తగిలి రాగి కరగును, ఆకుపచ్చని చిలుము పట్టును. అట్టి ఆహారము తిన్నవారికి వాంతులు, కడుపునొప్పి కలుగును. మంచినీటి మాట వేరు. రాగి చెంబులో రాత్రియంతయు నిలిచిన నీటిలో అనేక సూక్ష్మజీవులు నశించునని పరిశోధనలు తెలిపినవి. అయినను మురికినీటిని కాచక త్రాగుటకు ఇది సాకు కారాదు.

కళాయి వేయువాడు గిన్నెను తోమి, బొగ్గుల కొలిమిపై కాల్చి, నవాసారము చల్లి, కరగిన తగరమును దూదితో లోపలంతట పులుమును. తగరము 232 డిగ్రీల సెంటిగ్రేడు వేడికే కరగును. కావుననే ఖాళీ గిన్నెను పొయ్యిపై మరచిపోరాదు. మోసమునకు చోటు ఈ పనిలోనే కలదు. తగరము ఖరీదైనది, సీసము చవక. రెండును కలిపినను గిన్నె మెరయుచునే యుండును. సీసము కొంచెమైనను పసిపిల్లల మెదడునకు హాని చేయును. ఇంటివారు దగ్గరనుండి స్వచ్ఛమైన తగరమునే వేయించుకొనవలెను. పాత అతుకులనుండి కరగించిన లోహమును అంగీకరింపరాదు. పొగవద్దకు పిల్లలను రానీయరాదు.

సరియైన కళాయి లేని రాగి, ఇత్తడి పాత్రలలోని ఆహారము తినదగనిదని 1955 నాటి ఆహార కల్తీ నిరోధక నియమములే శాసించినవి.

అడుగున పసుపుపచ్చని ఇత్తడి కనబడిన గిన్నెను, తిరిగి కళాయి వేయించువరకు, బియ్యము పోసి ఉంచుకొనుటకు వాడుకొనవచ్చును.