నాడుల సందులో విషమూ మందూ

మన మెదడులో దాదాపు 8,600 కోట్ల నాడీకణాలు ఉన్నాయి. ఒక్కొక్క దానికి ఇతర కణాలతో వేల కొద్దీ సంబంధాలు. చిన్నమెదడులో ఉండే పుర్కింజి కణానికైతే అవి లక్ష దాటుతాయి. అయినా ఈ కణాల్లో చాలా భాగం ఒకదాన్నొకటి తాకవు. కబురు కణం కొసదాకా విద్యుత్తుగా పరుగెత్తుకొచ్చి అక్కడ ఆగిపోతుంది. ముందున్నది ఖాళీ. దాని వెడల్పు 20 నానోమీటర్లు, కొన్నిచోట్ల ఇంకాస్త ఎక్కువ. నోటుపుస్తకంలో ఒక్క కాగితం మందాన అలాంటి ఖాళీలు అయిదు వేలు ఇముడుతాయి. ఇటు కొస, అటు కణం పైపొర, నడుమ సందు: ఈ మూడూ కలిస్తే సైనాప్స్. పాము కాటుకు ఊపిరి ఆగేదీ, పురుగుమందు ప్రాణం తీసేదీ, కాఫీ నిద్ర చెడగొట్టేదీ, నిన్న నేర్చుకున్నది ఇవాళ గుర్తుండేదీ ఇక్కడే. మన ఊళ్ళలో చేల గట్ల మీద, కంచెల వెంట పెరిగే మొక్కలకూ ఈ సందుతో పని ఉంది.

ఒకే బహుమతి, రెండు వాదాలు

1873లో ఇటలీ వైద్యుడు కెమిల్లో గోల్జీ, వెండి లవణంతో నాడీకణాలకు నల్లరంగు పట్టించే పద్ధతి కనిపెట్టాడు. అదే పద్ధతితో స్పెయిన్‌లో శాంతియాగో రమోన్ ఇ కహాల్ ఏళ్ళ తరబడి మెదడు ముక్కలు పరిశీలించి, అద్భుతమైన బొమ్మలు గీసి, నాడీకణాలు దేనికవే విడిగా ఉంటాయని తేల్చాడు. గోల్జీ ఒప్పుకోలేదు. అంతా తెగని ఒకే వల అన్నాడు. 1906లో నోబెల్ బహుమతి ఇద్దరికీ కలిపి ఇస్తే, గోల్జీ తన బహుమతి ప్రసంగంలోనే కహాల్ సిద్ధాంతాన్ని ఖండించాడు. ఆ సందును కళ్ళతో చూసి తగువు తీర్చే వీలు అప్పట్లో లేదు. మామూలు సూక్ష్మదర్శిని 200 నానోమీటర్ల కంటే దగ్గరగా ఉన్నవాటిని విడదీసి చూపలేదు. 1950ల్లో ఎలక్ట్రాన్ మైక్రోస్కోపు కింద సందు స్పష్టంగా కనబడింది. అప్పటికి ఇద్దరూ లేరు. గెలిచినవాడు కహాల్.

రెండు కప్ప గుండెలు

సందును కబురు ఎలా దాటుతుంది? నిప్పురవ్వలా ఎగిరి దూకుతుందని ఒక వర్గం, ఏదో రసాయనం మోసుకెళ్తుందని ఇంకో వర్గం దశాబ్దాల పాటు వాదించుకున్నాయి. ఆస్ట్రియాలోని గ్రాజ్‌లో ఆటో లోవీ అనే శాస్త్రవేత్తకు దీన్ని తేల్చే ప్రయోగం కలలో తట్టింది. అర్ధరాత్రి లేచి కాగితం మీద రాసుకున్నాడు. తెల్లారి చూస్తే తన రాత తనకే అర్థం కాలేదు. మరుసటి రాత్రి అదే కల మళ్ళీ వచ్చింది. ఈసారి రాసుకోకుండా నేరుగా ప్రయోగశాలకు వెళ్ళాడు.

ప్రయోగం ఎంత తేలికైనదో చూడండి. రెండు కప్ప గుండెలు విడివిడిగా ద్రవంలో కొట్టుకుంటున్నాయి. మొదటి గుండెకు వేగస్ నాడి ఉంది, రెండోదానికి లేదు. నాడిని విద్యుత్తుతో ప్రేరేపిస్తే మొదటి గుండె నెమ్మదించింది. దాని చుట్టూ ఉన్న ద్రవాన్ని తీసి రెండో గుండె మీద పోస్తే, నాడే లేని ఆ గుండె కూడా నెమ్మదించింది. అంటే కబురు ద్రవంలో ఉంది. 1921లో ఈ ఫలితం అచ్చయింది. ఆ రసాయనం ఎసిటైల్‌కోలిన్ అని తరువాత తేలింది. 1936లో హెన్రీ డేల్‌తో కలిసి లోవీ నోబెల్ అందుకున్నాడు. రెండేళ్ళకు నాజీలు ఆస్ట్రియాలోకి వచ్చి, యూదుడైన ఆయన్ను నిర్బంధించి, బహుమతి సొమ్మును తమ అధీనంలోని బ్యాంకుకు రాయించుకున్నాకే దేశం దాటనిచ్చారు. ఇంత అందమైన ప్రయోగం చేసిన మనిషికి అలాంటి అవమానం జరగడం తలచుకుంటే మనసు కలుక్కుమంటుంది.

నిప్పురవ్వల పక్షాన గట్టిగా నిలిచినవాడు జాన్ ఎకిల్స్. 1951లో న్యూజిలాండ్‌లోని డునెడిన్‌లో, పిల్లి వెన్నుపాములోని నాడీకణంలోకి అతి సన్నని ఎలక్ట్రోడ్ దింపి కొలిచాడు. కొలతలు తన వాదానికి సరిగ్గా ఎదురు తిరిగాయి. వెంటనే వాదం వదులుకున్నాడు. 1963లో ఆయనకూ నోబెల్ వచ్చింది. అలాగని ఓడిన పక్షానిది పూర్తిగా తప్పూ కాదు. 1959లో ఫర్ష్‌పాన్, పాటర్ అనే శాస్త్రవేత్తలు, విద్యుత్తు నేరుగా దాటే సైనాప్స్ ఒకటి మంచినీటి రొయ్య జాతి జీవిలో ఉందని నిరూపించారు. మన మెదడులోనూ అలాంటివి కొన్ని ఉన్నాయి.

రసాయనం ధారగా కారదు, పొట్లాలుగా పడుతుంది. లండన్‌లో బెర్నార్డ్ కాట్జ్, పాల్ ఫాట్ కప్ప కండరం మీద పరిశీలిస్తుంటే, నాడిని ఏమీ కదపకపోయినా కండరంలో చిన్న చిన్న విద్యుత్తు తొణుకులు కనబడ్డాయి. అన్నీ ఇంచుమించు ఒకే పరిమాణం. ఒక్కో తొణుకూ ఒక్కో పొట్లం విప్పుకున్న గుర్తు. పొట్లం అంటే 40 నానోమీటర్ల సంచి. అందులో వేల ఎసిటైల్‌కోలిన్ అణువులు. కబురు రాగానే కొసలోకి కాల్షియం చొరబడుతుంది, సంచులు పొరకు అతుక్కుని విప్పుకుంటాయి, అణువులు సందు దాటి, అవతలి కణం మీద వాటిని అందుకునే గ్రాహకాలను తాకుతాయి. ఇదంతా సెకనులో వెయ్యో వంతు లోపే ముగుస్తుంది.

పొలంలో పిచికారీ

వచ్చిన కబురును చెరిపేయడం కూడా అంతే ముఖ్యం. లేకపోతే కండరం ముడుచుకున్నది ముడుచుకున్నట్టే ఉంటుంది. ఎసిటైల్‌కోలిన్‌ను విరగ్గొట్టడానికి సందులో ఒక ఎంజైమ్ కాపు కాస్తుంది. ఒక్క ఎంజైమ్ అణువు సెకనుకు సుమారు 25,000 అణువులను విరగ్గొడుతుంది. శరీరంలోని అతి వేగవంతమైన ఎంజైముల్లో ఇదొకటి.

పత్తి చేలో, మిరప తోటలో కొడుతూ వచ్చిన మోనోక్రోటోఫాస్, క్లోరిపైరిఫాస్ వంటి ఆర్గానోఫాస్ఫేట్ మందులు ఈ ఎంజైమ్‌నే పట్టేస్తాయి. పురుగులోనూ అంతే, మనిషిలోనూ అంతే. కంటిపాప సూదిమొనంత అయిపోతుంది, నోట్లో చొంగ, ఒళ్ళంతా చెమట, ఊపిరితిత్తుల్లో నీరు, కండరాల్లో అదురు. మనుషుల మీద ప్రయోగించే టాబున్ వాయువు కూడా ఈ కుటుంబానిదే. 1936లో జర్మనీలో గెర్హార్డ్ ష్రాడర్ పురుగుమందు కోసం వెతుకుతుంటే అది బయటపడింది. 2013లో బీహార్‌లోని సారణ్ జిల్లాలో మధ్యాహ్న భోజనం తిన్న 23 మంది పిల్లల ప్రాణాలు తీసింది మోనోక్రోటోఫాసే. వీపున స్ప్రేయర్ తగిలించుకుని, గాలికి ఎదురు నడుస్తూ, ముఖానికి గుడ్డ కూడా లేకుండా మందు కొట్టే ప్రతి రైతుకూ, ప్రతి కూలీకీ ఈ సంగతి విడమరిచి చెప్పాలి. ఈ మందు ఒంటి చర్మం గుండా కూడా లోపలికి పోతుంది.

ఈ విషానికి ఆస్పత్రిలో మొదట ఇచ్చేది అట్రోపిన్. ఎసిటైల్‌కోలిన్ తాకాల్సిన గ్రాహకాల్లో కొన్నింటి మీద అది ముందే కూర్చుని, ఊపిరితిత్తుల్లో నీరు ఊరడాన్ని ఆపుతుంది. అట్రోపిన్ మన ఉమ్మెత్తలోనూ ఉంది. అందుకే ఉమ్మెత్త కాయ తిన్నవారిలో లక్షణాలు సరిగ్గా తలకిందులు: నోరు ఎండిపోతుంది, కంటిపాప విచ్చుకుంటుంది. ఆ మొక్కలో పాళ్ళు కాయకో తీరున ఉంటాయి కనుక, ఆస్పత్రి పనిని ఇంట్లో ఉమ్మెత్తతో చేయబోతే ప్రాణం మీదికొస్తుంది.

నాగుపాము, కట్లపాము

దక్షిణ అమెరికా అడవుల వేటగాళ్ళు బాణం మొనకు కురారే పూసేవారు. అది ఎసిటైల్‌కోలిన్ గ్రాహకాల మీద కూర్చుంటుంది. కండరాలు కదలవు, ఊపిరి ఆగుతుంది. పేగుల్లోంచి రక్తంలోకి అది సరిగా ఎక్కదు కాబట్టి అలా వేటాడిన జంతువు మాంసం తిన్నవాళ్ళకు ఏమీ కాదు. కురారేకు విరుగుడుగా ఫైసోస్టిగ్మిన్ అనే మందు ఉండేది. ఇది కూడా ఎంజైమ్‌నే ఆపుతుంది గానీ కొంతసేపే. 1934లో గ్రీనిచ్‌లోని ఒక ఆస్పత్రిలో పనిచేస్తున్న డాక్టర్ మేరీ వాకర్, మయాస్థీనియా గ్రావిస్ అనే జబ్బున్న రోగుల వాలిన రెప్పలు, నీరసించిన కండరాలు అచ్చం కురారే దెబ్బలా ఉన్నాయని గమనించి, ఆ విరుగుడునే ఇచ్చి చూసింది. రోగి రెప్పలు లేచాయి. ఆ జబ్బులో శరీరం తన గ్రాహకాల మీద తానే దాడి చేస్తుందన్న సంగతి తేలడానికి ఇంకో నలభై ఏళ్ళు పట్టింది. కారణం తెలియకముందే చికిత్స దొరికిందంటే అది ఆమె చూపులోని పదును.

నాగుపాము విషం కూడా కురారే లాంటిదే. గ్రాహకాల మీద కూర్చుంటుంది. అందుకే యాంటీవెనమ్‌తో పాటు ఫైసోస్టిగ్మిన్ బంధువైన నియోస్టిగ్మిన్‌ను, అట్రోపిన్ తోడుగా, వైద్యులు వాడతారు. కట్లపాముది మరో దారి. దాని విషంలోని ఒక భాగం సందుకు ఇవతలే, రసాయనం విడుదల చేసే నాడి కొసనే ధ్వంసం చేస్తుంది. పాడైన కొసను యాంటీవెనమ్ బాగుచేయలేదు. నియోస్టిగ్మిన్ కూడా పెద్దగా పనిచేయదు. కొత్త కొసలు మొలిచేదాకా రోజుల తరబడి వెంటిలేటర్ మీద ఊపిరి ఆడించాలి. అలా ఆడిస్తే మనిషి బతుకుతాడు, పూర్తిగా కోలుకుంటాడు. నాకు ఈ వ్యాసంలో అన్నిటికన్నా ముఖ్యమనిపించే వాక్యం ఇదే.

కట్లపాము రాత్రిపూట తిరుగుతుంది. నేల మీద పడుకున్నవాళ్ళను కరుస్తుంది. కాటు నొప్పి, వాపు ఉండవు, గాటు కూడా సరిగా కనబడదు. తెల్లవారుజామున కడుపునొప్పితో లేచిన మనిషికి రెప్పలు వాలుతుంటే, మాట ముద్దగా వస్తుంటే అజీర్తి అనుకుని కాలయాపన చేయకూడదు. మంత్రం, వేరు, బ్లేడు గాటు ఏవీ వద్దు. ఊపిరి ఆడించే యంత్రం ఉన్న ఆస్పత్రికి వెంటనే తీసుకుపోవాలి. మంచం మీద, దోమతెర అంచులు పరుపు కిందికి దోపి పడుకోవడం మంచి రక్షణ.

ధనుర్వాతం, బొటులినమ్: ఒకే కత్తెర

సంచి పొరకు అతుక్కోవాలంటే కొన్ని ప్రొటీన్లు మెలిపడాలి. ధనుర్వాతం విషం వాటిలో ఒకదాన్ని ఒక నిర్దిష్టమైన చోట తెంచుతుంది. బొటులినమ్ విషంలో బి రకం కూడా అదే ప్రొటీన్‌ను సరిగ్గా అదే చోట తెంచుతుంది. అయినా ఒకదానితో ఒళ్ళు విల్లులా బిగుసుకుంటుంది, రెండోదానితో చచ్చుబడుతుంది. తేడా ఎక్కడంటే, బొటులినమ్ కండరం దగ్గరే ఆగి కబురును ఆపేస్తుంది. ధనుర్వాతం విషం నాడి వెంట వెన్నుపాము దాకా ఎగబాకి, కండరాన్ని అదుపు చేసే కణాల నోరు నొక్కేస్తుంది. ముడతలు పోగొట్టే బొటాక్స్ ఈ బొటులినమ్‌లో ఎ రకం. దాని కోత మరో ప్రొటీన్ మీద.

సర్పగంధ, దూలగొండి

ఆయుర్వేదం ఎరిగిన సర్పగంధ వేరును 1931లోనే కలకత్తా వైద్యులు గణనాథ్ సేన్, కార్తిక్ చంద్ర బోస్ పిచ్చికీ రక్తపోటుకూ వాడి ఫలితాలు ప్రకటించారు. 1949లో బొంబాయి డాక్టర్ రుస్తుం జల్ వకీల్ బ్రిటిష్ హార్ట్ జర్నల్‌లో రాశాక ప్రపంచం దాని వైపు చూసింది. 1952లో స్విట్జర్లాండ్‌లో ఆ వేరులోంచి రెసర్పిన్‌ను వేరుచేశారు. రెసర్పిన్ చేసే పని, సైనాప్స్ సంచుల్లోకి డోపమిన్, సెరొటోనిన్ వంటి రసాయనాలు నిండకుండా ఆపడం. సంచులు ఖాళీ.

స్వీడన్‌లో ఆర్విడ్ కార్ల్‌సన్ కుందేళ్ళకు రెసర్పిన్ ఇస్తే అవి చెవులు వాల్చి కదలకుండా పడిపోయాయి. డోపమిన్‌గా మారే ఎల్‌-డోపా ఎక్కిస్తే కాసేపట్లో మళ్ళీ లేచి తిరిగాయి. 1957 నాటి ఈ ప్రయోగంతో డోపమిన్ ప్రాధాన్యం బయటపడింది. కొన్నేళ్ళకే వియన్నాలో, పార్కిన్సన్స్ రోగుల మెదడులో డోపమిన్ కొరవడిందని కనుగొన్నారు. ఎల్‌-డోపా ఇస్తే కదలలేనివారు కదిలారు. నేటికీ ఆ జబ్బుకు ప్రధానమైన మందు అదే.

అసలు ముచ్చట ఇక్కడుంది. ఆ కుందేళ్ళ కంటే ఇరవై ఏళ్ళ ముందు, 1937లో, మద్రాసులో దామోదరన్, రామస్వామి అనే శాస్త్రవేత్తలు దూలగొండి గింజల్లోంచి ఎల్‌-డోపాను వేరుచేసి బయోకెమికల్ జర్నల్‌లో ప్రచురించారు. కాయ నూగు తగిలితే ఒళ్ళంతా దురద పుట్టించే దూలగొండే. కంపవాతానికి దాని గింజలను ఆయుర్వేదం ఏనాడో వాడింది. సైనాప్స్‌లో డోపమిన్ నిండకుండా చేసే వేరూ, డోపమిన్‌గా మారే గింజా రెండూ ఈ నేల మొక్కలే కావడం నాకు గొప్ప సంగతిగా తోస్తుంది. మన బడి పుస్తకాల్లో దామోదరన్, రామస్వామి పేర్లు ఉండాలి.

ఇక మొదట్లో చెప్పుకున్న కాఫీ సంగతి. మెలకువగా ఉన్న కొద్దీ మెదడులో అడినోసిన్ అనే రసాయనం పోగవుతుంది, నిద్ర మత్తు వస్తుంది. అరకు కాఫీ అయినా ఇంకోటైనా, అందులోని కెఫీన్ అడినోసిన్ గ్రాహకాలను ఆక్రమిస్తుంది. సగం కెఫీన్ ఒంట్లోంచి పోవడానికే అయిదు గంటలు పడుతుంది. సాయంత్రం కాఫీ రాత్రి లెక్కలోకి వస్తుంది.

మిగిలింది జ్ఞాపకం. సముద్రపు నత్త ఆప్లీసియాకు ఉన్నవి 20,000 నాడీకణాలే. జ్ఞాపకాన్ని పరిశోధించిన శాస్త్రవేత్త ఎరిక్ కాండెల్ అందుకే దాన్ని ఎంచుకున్నాడు. తోక మీద పదేపదే షాక్ తగిలితే అది చిన్న తాకిడికి కూడా మొప్పను గట్టిగా ముడుచుకోవడం నేర్చుకుంటుంది. ఒక్కసారి తగిలితే కొన్ని నిమిషాల జ్ఞాపకం. అప్పుడు మారేది ఉన్న సైనాప్స్ విడిచే రసాయనం పాలు మాత్రమే. రోజుల తరబడి తగిలితే వారాల జ్ఞాపకం. అప్పుడు కణం కొత్త ప్రొటీన్లు తయారుచేసుకుని కొత్త సైనాప్స్‌లు మొలిపిస్తుంది. లెక్కపెడితే, స్పర్శ నాడీకణానికి ఉన్న సైనాప్స్‌లు దాదాపు రెట్టింపయ్యాయి. కొన్ని వారాలకు నత్త మరచిపోతూ ఉంటే, వాటిలో చాలా మటుకు మళ్ళీ తగ్గిపోయాయి.