దొరలు కాని ఆంగ్లేయులు

1611లో 'గ్లోబ్' అనే ఓడ నేటి నిజాంపట్నం, మచిలీపట్నం రేవులకు చేరింది. తెలుగు తీరంలో ఆంగ్లేయుల వర్తకానికి అది ఆరంభం. అంతకు నాలుగేళ్ళ ముందు, 1607 మే నెలలో, 104 మంది ఆంగ్లేయ పురుషులు, బాలురు వర్జీనియాలో జేమ్స్ నది ఒడ్డున దిగి జేమ్స్‌టౌన్ అనే స్థావరాన్ని కట్టుకున్నారు. ఈ రెండు ప్రయాణాలనూ నడిపించినవి లండన్ వర్తకులు వాటాలు వేసుకుని పెట్టిన కంపెనీలే. సర్ థామస్ స్మైత్ అనే వర్తకుడు ఈస్ట్ ఇండియా కంపెనీకి తొలి గవర్నరు. వర్జీనియా కంపెనీకి కోశాధికారి హోదాలో అధిపతి కూడా ఆయనే.

పెట్టుబడి ఒకచోటిదే అయినా, రెండు తీరాలకూ వచ్చిన మనుషులు వేరు. మచిలీపట్నానికి వచ్చినవారు కొద్దిమంది వర్తకులు, గుమాస్తాలు. వారి వారసులే తరువాత కలెక్టర్లు, జడ్జీలు అయ్యారు. తెలుగువారి నోట 'దొర' అన్న మాట వారికే స్థిరపడింది. అమెరికా పాఠ్యపుస్తకాలలో కనిపించే ఆంగ్లేయుడు మరొకడు: మతస్వేచ్ఛ కోసం సముద్రం దాటిన యాత్రికుడు, లేదా పొగాకు తోటల ఆసామి. ఈ రెండు బొమ్మల మధ్య అసలు సంఖ్యాధికులు మరుగున పడిపోయారు. పదిహేడో శతాబ్దంలో వర్జీనియా, మేరీలాండ్‌లకు ఓడెక్కినవారిలో సుమారు నాలుగింట మూడు వంతులు కొన్నేళ్ళపాటు తమ శ్రమను ముందుగానే అమ్ముకున్న కూలీలు. వారెవరో తెలియాలంటే కథను ఇంగ్లండు పల్లెల నుంచి మొదలుపెట్టాలి.

వెట్టి పోయింది, భూమీ పోయింది

మధ్యయుగపు ఇంగ్లండులో రైతులలో పెద్ద భాగం వెట్టివారు. భూస్వామి పొలంలో వారానికి ఇన్ని రోజులు ఊరికే పనిచేయాలి. ఆయన అనుమతి లేనిదే ఊరు విడిచిపోరాదు. 1348లో వచ్చిన మహామారి ప్లేగు ఈ ఏర్పాటును కుదిపివేసింది. జనాభాలో మూడో వంతు నుంచి సగం దాకా చనిపోయారని చరిత్రకారుల అంచనా. మనుషులు కరువయ్యేసరికి మిగిలినవారి శ్రమకు విలువ పెరిగింది. దానికి పాలకుల జవాబు 1351 నాటి కూలీల శాసనం: ప్లేగుకు ముందున్న కూలి కంటే ఎక్కువ అడగరాదు, ఒప్పుకున్న పని మధ్యలో మానరాదు, మానితే శిక్ష. పని మానడం ఇద్దరి మధ్య తగవు కాదు, నేరం. ఈ భావాన్ని గుర్తు పెట్టుకోవాలి. అయిదు వందల ఏళ్ళ తరువాత అది తెలుగు తీరంలో మళ్ళీ కనిపిస్తుంది.

1381లో రైతులు తిరగబడ్డారు, ఓడిపోయారు. అయినా కూలీల కొరత ముందు చట్టం ఎంతోకాలం నిలువలేదు. పదిహేనో శతాబ్దం గడిచేసరికి వెట్టి దాదాపు మాసిపోయింది. ఆంగ్లేయ సామాన్యుడు స్వేచ్ఛ పొందాడు. కాని ఆ స్వేచ్ఛతో పాటు భూమి మీద హక్కు రాలేదు.

పదహారో శతాబ్దంలో పరిస్థితి తలకిందులైంది. 1520లలో ఉన్న జనాభా 1650 నాటికి సుమారు రెట్టింపైంది. ధరలు పెరిగినంతగా కూలి పెరగలేదు. ఉన్నికి గిరాకీ పెరగడంతో భూస్వాములు ఊరుమ్మడి బీళ్ళకు కంచెలు వేసి గొర్రెల మందలను తోలారు. ఆవును మేపుకోవడానికి, కట్టెలు ఏరుకోవడానికి ఉన్న ఆ బీళ్ళే పేదవాడి ఆస్తి. 1536-40 మధ్య ఎనిమిదో హెన్రీ మఠాలను రద్దు చేయడంతో ఆపదలో అన్నం పెట్టే గడప కూడా మూతపడింది. వారసత్వ ధర్మం మరొక కారణం. మన మితాక్షర న్యాయంలో కొడుకులందరికీ వాటా ఉంటుంది. ఇంగ్లండులో చాలాచోట్ల భూమి పెద్దకొడుకుకే చెందేది. చిన్నకొడుకులు, వారు ఏ అంతస్తువారైనా, దారి వెతుక్కోవలసిందే.

దారినపడ్డ మనిషి రాజ్యానికి నేరస్థుడిలా కనిపించాడు. 1547లో వచ్చిన ఒక చట్టం ప్రకారం పనిలేక తిరిగేవాడి రొమ్ము మీద కాల్చిన ఇనుముతో వాత వేసి, రెండేళ్ళు బానిసగా అప్పగించవచ్చు. ఆ క్రౌర్యం అమలు కాక మూడేళ్ళలోనే రద్దయింది. 1601 నాటి పేదల చట్టం మరింత ఆచరణీయమైన దారి పట్టింది. ప్రతి పారిష్, అంటే చర్చి కింది స్థానిక విభాగం, తన పేదలను పన్నులతో తానే పోషించాలి. ఇది ఆనాటికి గొప్ప ఏర్పాటే. కాని పోషణ భారమైన చోట పేదవాడిని మరో ఊరికి, కుదిరితే మరో ఖండానికి పంపాలన్న కోరికా దానితోనే పుట్టింది. 1619 ప్రాంతంలో లండన్ నగరం తన వీధులలోని సుమారు వందమంది దిక్కులేని పిల్లలను వర్జీనియాకు ఓడెక్కించింది.

పళ్ళ అంచు కాగితం

1612 ప్రాంతంలో జాన్ రాల్ఫ్ వర్జీనియాలో మేలురకం పొగాకు పండించాడు. పొగాకు సాగుకు ఎందరు మనుషులైనా చాలరని గుంటూరు, ప్రకాశం జిల్లాల వారికి వేరే చెప్పనక్కరలేదు. వర్జీనియా కంపెనీ 1618లో ఒక ఆశ చూపింది: ఒక మనిషి ఓడ ఖర్చు భరించి తెచ్చినవారికి తలకు 50 ఎకరాలు. ఆ ఖర్చు సుమారు 6 పౌండ్లు. పేదవాడికి అది అందని మొత్తం. ఆసామికి లాభసాటి బేరం. కూలీ దొరుకుతాడు, భూమీ దొరుకుతుంది.

ఈ బేరానికి రాసుకున్న పత్రమే ఇండెంచర్. ఒకే కాగితం మీద ఒప్పందాన్ని రెండుసార్లు రాసి, మధ్యలో రంపపు పళ్ళలా కత్తిరించి చెరొక ముక్క ఉంచుకునేవారు. రెండు అంచులూ కలిస్తేనే పత్రం అసలైనది. పళ్ళ అంచు అన్న అర్థంలోనే ఆ పేరు వచ్చింది. గడువు సాధారణంగా నాలుగు నుంచి ఏడేళ్ళు. ఈలోగా యజమాని ఆ మనిషి గడువును మరొకరికి అమ్మవచ్చు, వీలునామాలో రాయవచ్చు. అనుమతి లేనిదే పెళ్ళి చేసుకోరాదు. పారిపోతే గడువు పెరుగుతుంది. ఆడమనిషి గర్భం దాలిస్తే ఆమె గడువూ పెరుగుతుంది. అయినా ఆ కూలీ కోర్టుకు వెళ్ళగలడు, గడువు తీరితే స్వేచ్ఛ పొందగలడు. జీవితాంతం సాగి పిల్లలకు సంక్రమించే బానిసత్వంతో దీనిని సమానం చేయడం తప్పు. దీనిని మరచిపోవడం కూడా తప్పే.

ఈ ఓడలలో ఆంగ్లేయులు మాత్రమే రాలేదు. 1619 ఆగస్టులో ఇరవైమందికి పైగా ఆఫ్రికన్లను వర్జీనియాలో దించి అమ్మారు. 1635 నాటి వర్జీనియా భూమి పట్టాల జాబితాలో, తలకు 50 ఎకరాల లెక్కలో, 'టోనీ, ఈస్ట్ ఇండియన్' అన్న పేరొకటి ఉంది. భారతీయులు అమెరికాకు చేరిన చరిత్రలో మొదటి నమోదులలో అదొకటి.

చలిజ్వరం చేసిన పని

గడువు తీరేదాకా బతకడమే కష్టం. జేమ్స్‌టౌన్‌లో దిగిన 104 మందిలో ఆ చలికాలానికి మిగిలినవారు 38 మంది. 1609-10 శీతకాలపు కరువులో కొన్ని వందలమంది సుమారు 60 మందికి తగ్గారు. వేసవిలో నది నీరు తగ్గి ఉప్పునీరు ఎగదన్నేది. మలినం పోగుపడిన ఆ నీటినే తాగడం వల్ల టైఫాయిడ్, రక్తవిరేచనాలు ప్రబలాయని చరిత్రకారుల ఊహ.

మలేరియా మరింత ఆసక్తికరమైన సంగతి. ఆనాటి కెంట్, ఎసెక్స్ ప్రాంతాల చిత్తడి నేలలలో చలిజ్వరం మామూలు. దానికి కారణమైన వైవాక్స్ పరాన్నజీవి కాలేయంలో నెలల తరబడి నిద్రాణంగా ఉండగలదు. కనుక ఆరోగ్యంగా కనిపించే మనిషి దానిని తెలియకుండానే సముద్రం దాటించగలడు. అవతలి ఒడ్డున దోమలు సిద్ధంగా ఉన్నాయి. మరింత ప్రాణాంతకమైన ఫాల్సిపారం మలేరియా తరువాత ఆఫ్రికా నుంచి బానిస ఓడలలో చేరింది. కొత్తగా వచ్చినవారు మొదటి ఏడాది జ్వరాలను తట్టుకోవడాన్ని 'సీజనింగ్' అనేవారు. పచ్చికట్టెను ఆరబెట్టడానికి వాడే మాట అది. దోమ పాత్ర రుజువు కావడానికి 1897 ఆగస్టు దాకా, సికింద్రాబాద్‌లో రోనాల్డ్ రాస్ సూక్ష్మదర్శినిలో చూసేదాకా ఆగవలసి వచ్చింది.

పశ్చిమాఫ్రికా ప్రజలలో చాలామంది ఎర్ర రక్తకణాలపై 'డఫీ' అనే ప్రోటీను ఉండదు. అది లేనిచోట వైవాక్స్ సాధారణంగా కణంలోకి చొరబడలేదు. ఎన్నో తరాలుగా మలేరియా మధ్య బతికినందువల్ల కలిగిన ఈ రక్షణను, నల్లవారి శరీరం కష్టానికే పుట్టిందన్న వాదానికి తోటల యజమానులు తరువాతి కాలంలో సాకుగా వాడుకున్నారు.

ఉత్తరాన కథ వేరు. 1620లో మేఫ్లవర్ మీద 102 మంది వచ్చారు. 1629-40 మధ్య సుమారు 20 వేలమంది న్యూ ఇంగ్లండుకు చేరారు. వీరిలో ఎక్కువమంది భార్యాబిడ్డలతో, సొంత ఖర్చుతో వచ్చిన మధ్యతరగతివారు, చదవగలిగినవారు. 1636లోనే హార్వర్డ్ కళాశాలకు పునాది పడింది. చలి వాతావరణంలో మలేరియా తక్కువ. వర్జీనియా మగవాడు నలభైలలో రాలిపోతుంటే, ఇక్కడ బాల్యం దాటినవారిలో చాలామంది అరవై దాటి బతికారు. మనవలను చూసిన తాతలే చరిత్ర రాసుకోగలిగారు. అమెరికా తన పుట్టుకను జేమ్స్‌టౌన్ కన్నా ప్లిమత్‌తో ముడిపెట్టుకోవడానికి ఇదీ ఒక కారణమే కావచ్చు.

భూమికి బదులుగా రంగు

1660 తరువాత ఇంగ్లండులో జననాలు తగ్గి కూలి పెరిగింది; ఓడెక్కేవారు తగ్గారు. వర్జీనియాలో గడువు తీర్చుకుని బతికినవారికి మంచి భూమి మిగలలేదు. చేతిలో తుపాకీ ఉండి, భూమి లేని పేదలు పెరిగారు. 1676లో నథానియల్ బేకన్ అనే ఆసామి వెనుక వారు తిరగబడి జేమ్స్‌టౌన్‌ను తగులబెట్టారు. ఇది న్యాయం కోసం జరిగిన పోరాటం మాత్రమే అనుకోరాదు. స్థానిక తెగల భూమిని లాక్కోవాలన్నది వారి మొదటి కోరిక. అయితే పాలకులను భయపెట్టిన దృశ్యం మరొకటి. చివరిదాకా ఆయుధాలు దించనివారిలో ఆంగ్లేయ కూలీలు, నల్లవారు కలిసి ఉన్నారు.

తరువాతి చట్టాలను వరుసగా చదివితే ఆ కలయికను విడదీసిన తీరు కనిపిస్తుంది. ఆంగ్లేయ న్యాయంలో బిడ్డకు తండ్రి స్థితి వస్తుంది. 1662లోనే వర్జీనియా దానిని తిప్పి, బిడ్డకు తల్లి స్థితి వస్తుందని శాసించింది. బానిస స్త్రీకి యజమాని వల్ల కలిగిన బిడ్డ కూడా దీనితో బానిసే అయ్యాడు. 1691లో తెల్లవారికి, ఇతరులకు మధ్య వివాహాన్ని నిషేధించారు. 1705 నాటి సమగ్ర చట్టం మరీ స్పష్టం. గడువు తీరిన మగ కూలీకి 10 బుషెళ్ళ మొక్కజొన్న, 30 షిల్లింగులు, ఒక తుపాకీ ఇవ్వాలి. క్రైస్తవ తెల్ల కూలీని న్యాయాధికారి ఆజ్ఞ లేకుండా బట్టలు విప్పించి కొట్టరాదు. బానిసల దగ్గరున్న గుర్రాలు, పశువులు, పందులను మాత్రం లాక్కుని అమ్మి, ఆ డబ్బును పారిష్ పేదలకు పంచాలి. ఇంగ్లండు పేదల కోసం పుట్టిన పారిష్, ఇక్కడ ఒక పేదవాడి ఆస్తిని మరో పేదవాడికి పంచే సాధనమైంది. చరిత్రకారుడు ఎడ్మండ్ మోర్గన్ 1975లో రాసిన గ్రంథం ఈ మలుపునే చర్చించింది. అందులో తిరుగుబాటు పాత్ర ఎంత, కూలీల సరఫరా తగ్గడం పాత్ర ఎంత అన్న వాదం నేటికీ సాగుతూనే ఉంది. ఫలితం మీద మాత్రం వాదం లేదు. భూమి దొరకని ఆంగ్లేయ పేదవాడికి 'తెల్లవాడు' అన్న హోదా దొరికింది.

కాగితం మళ్ళీ తెలుగు తీరానికి

1834లో బ్రిటిష్ వలసలలో బానిసత్వం రద్దు కాగానే చెరకు తోటల యజమానులు పాత పత్రాన్నే బయటికి తీశారు. కోరంగి రేవు నుంచి మారిషస్‌కు, 1860 నుంచి మద్రాసు మీదుగా నాటాల్‌కు, తరువాత ఫిజీకి తెలుగు కూలీలు అదే ఇండెంచరు కింద వెళ్ళారు. ఒప్పందాన్ని సూచించే 'అగ్రిమెంట్' అన్న మాట వారి నోట 'గిర్మిట్' అయింది; మారిషస్‌లో తెలుగువారికి రేవు పేరే జాతి పేరై 'కోరంగీలు' అనిపించుకున్నారు. 1859లో భారతదేశంలో వచ్చిన ఒక చట్టం, ముందుసొమ్ము తీసుకుని పని మానిన కూలీని జైలుకు పంపవచ్చన్నది. ఇంగ్లండు కార్మికులు పోరాడి 1875లో తమ మీద ఉన్న అటువంటి శిక్షను తొలగించుకున్నారు. భారతదేశంలో అది 1920ల దాకా నిలిచింది. 1351లో ఆంగ్లేయ రైతు మెడకు తగిలించిన పలుపు అతని మెడ వదిలి, అతను పాలిస్తున్నాడనుకున్న దేశంలో మరొకరి మెడకు చేరింది.

వర్జీనియా గీసిన గీత కూడా తెలుగువారిని తాకింది. 1790లో అమెరికా తొలి పౌరసత్వ చట్టం 'స్వతంత్రులైన తెల్లవారికే' ఆ అర్హత ఇచ్చింది. 1923 ఫిబ్రవరిలో భగత్‌సింగ్ థింద్ కేసులో సుప్రీం కోర్టు, భారతీయులు ఆ మాటలోకి రారని తేల్చింది. అదే ఏడాది అక్టోబరులో భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు బోస్టన్‌లో దిగారు. కండరాల శక్తికి ఆధారమైన ఫాస్ఫోక్రియాటిన్ మీద హార్వర్డ్‌లో పనిచేశారు. ఫోలిక్ ఆమ్లం, ఆరియోమైసిన్, లుకేమియా పిల్లలకు తొలి ఆశగా నిలిచిన అమినాప్టెరిన్ ఆయన నాయకత్వంలో లెడర్లీ ప్రయోగశాలలో రూపొందాయి. భారతీయులకు పౌరసత్వ అర్హత 1946లో గాని రాలేదు. 1948లో, పౌరుడు కాకుండానే, ఆయన కన్నుమూశారు.

ఈనాడు అమెరికాలో స్థిరపడిన తెలుగువారిలో అత్యధికులు 1965 నాటి చట్టం తెరిచిన తలుపులోంచి వచ్చినవారు, లేదా వారి పిల్లలు. ఆ తలుపు అంతకుముందు ఎందుకు మూసి ఉందో తెలియాలంటే దొరల చరిత్ర ఒక్కటే చాలదు. పొగాకు మళ్ళలో చలిజ్వరంతో వణుకుతూ గడువు లెక్కపెట్టుకున్న ఆంగ్లేయ కూలీ చరిత్ర కూడా కావాలి. అతనికి భూమి ఇవ్వలేని పాలకులు అతనికి ఇవ్వగలిగింది తన పక్కన పనిచేసేవాడి కంటే ఒక మెట్టు ఎత్తు. ఆ మెట్టును చట్టపుస్తకం నుంచి చెరపడానికి రెండున్నర శతాబ్దాలు పట్టింది.