పోయిన ఆట తిరిగి దొరుకుతుందా?

కొల్లేటి లంకల్లోని పెద్దవారిని ఒక మాట అడిగి చూడండి. నీళ్ళు ఇంటిలోనికి వస్తున్నప్పుడు ముందుగా అటక మీదికి ఏమి చేరుస్తారు? రేషను కార్డు, పొలం కాగితాలు, బ్యాంకు పుస్తకం, బైబిలు అంటారు. బియ్యం బస్తా ఆ తరువాతే. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి ఆ నీరంతా కొల్లేటికి చేరినప్పుడు కూడ లంక గ్రామాలవారు నీళ్ళ మధ్య చిక్కుకున్నారు. పోతే తిరిగి రానిదానిని ముందు పైకెక్కించాలని మన ప్రాంతంవారికి ఒకరు నేర్పనక్కరలేదు.

అయితే ఈ దినాల్లో మనం అటక ఎక్కించని వస్తువు ఒకటి ప్రతి ఇంటిలోను ఉన్నది. అదే ఫోను. అందులో మన బిడ్డలు నెలల తరబడి ఆడిన ఆటలున్నాయి. ఆటలే గదా అని తీసివేయకండి. ఆ ఆటను పోగొట్టే నిర్లక్ష్యమే ఇంటిలోని మరి కొన్నిటిని కూడ పోగొడుతుంది. ఆ సంగతి మేము ఆకివీడులో కళ్ళారా చూచి తెలుసుకున్నాము.

చెరువులో పడిన ఫోను

ఆకివీడులో మాకు బాగా తెలిసిన ఒక కుటుంబం ఉన్నది. తండ్రి రొయ్యల చెరువుల మీద పని చేస్తారు. ఒక రాత్రి ఏరియేటర్లు తిరుగుతున్నాయో లేదో చూడడానికి గట్టు మీద వంగినప్పుడు చొక్కా జేబులోని ఫోను జారి నీటిలో పడింది. తెల్లవారి పైకి తీశారు గాని అది మరల వెలగలేదు.

ఫోను తండ్రిదే. కాని సాయంత్రం వేళ దానిని పట్టుకొనేది ఎనిమిదవ తరగతి చదివే కుమారుడు. పిల్లవాడు రెండు పూటలు అన్నం ముట్టలేదు. తండ్రికి కోపం వచ్చింది. "పదివేల ఫోను పోయి నేను ఏడవాలి గాని, ఆట పోయిందని నువ్వు ఏడుస్తావేంట్రా?" అన్నారు. "అది రెండేళ్ళు కట్టిన ఊరు నాన్నా" అన్నాడు వాడు. ఆ మాట తండ్రికి అర్థం కాలేదు. తల్లి మా ఇంటికి వచ్చి, "వాడు ఎవరితోను మాట్లాడట్లేదండీ, మీరొకసారి వచ్చి చెప్పండి" అని అడిగింది.

మేము బుద్ధి చెప్పుదామనే వెళ్ళాము. వాడు చెప్పింది విన్న తరువాత, ముందుగా ఆ ఊరిని వెదకి చూద్దామనిపించింది.

ఆట ఎక్కడ నిలిచి ఉంటుంది?

1997లో నోకియా 6110 ఫోనుతో పాము ఆట వచ్చింది. ఆ రోజుల్లో ఆడినవారు చాలమందే ఉంటారు. ఆ ఆటలో ఎంత సాధించినా అది ఆ ఫోనులోనే ఉండేది. ఫోను అమ్మితే లెక్క దానితోనే పోయేది. ఈ కాలపు ఆటలు చాలవరకు అలా కాదు. ఆట ఫోనులో కనబడుతుంది గాని, లెక్కలు ఆ ఆటను తయారుచేసిన సంస్థవారి పెద్ద కంప్యూటర్లలో నమోదై ఉంటాయి.

బ్యాంకు పుస్తకంతో పోల్చి చూడండి. పుస్తకం వానలో తడిసినంత మాత్రాన బ్యాంకులోని సొమ్ము పోదు. మన పేరు, ఖాతా నంబరు చెబితే మరొక పుస్తకం ఇస్తారు. మట్టి ముంతలో దాచుకొన్న డబ్బు అలా కాదు. ముంత నీటిలో పోతే డబ్బు కూడ పోయినట్టే.

ఆట మొదలుపెట్టేటప్పుడే ఈ తేడా వస్తుంది. గూగుల్ ఖాతాతోనో, ఫేస్‌బుక్ ఖాతాతోనో, ఆ సంస్థవారి సొంత ఖాతాతోనో ప్రవేశించమని ఆట అడుగుతుంది. దాని ప్రక్కనే 'గెస్ట్' అని మరొక మీట ఉంటుంది. పిల్లలు తొందరలో దానినే నొక్కుతారు. అతిథిగా వెళ్ళినవానికి ఊరూ పేరూ ఉండవు. సంస్థవారు ఆ ఫోనునే గుర్తు పెట్టుకొంటారు. ఫోను పోయినా, ఆటను తీసివేసినా ఆ గుర్తు చెరిగిపోవచ్చు.

మన పిల్లవాడు ఆడేవి రెండు ఆటలు. ఒకటి లారీ నడిపే ఆట. దానిని గెస్టుగా తెరిచాడు. రెండవది క్లాష్ ఆఫ్ క్లాన్స్. ఫిన్లాండ్ దేశపు సూపర్‌సెల్ సంస్థ 2012లో విడుదల చేసిన ఆట అది. గోడలు, గనులు, కోటలు ఒకదాని తరువాత ఒకటి కట్టుకుంటూ ఊరిని పెంచాలి. దీనికి సూపర్‌సెల్ ఐడీ అనే ఖాతా ఉన్నది. సంకేతపదం అక్కరలేదు, మన ఈమెయిలుకు ఆరంకెల సంఖ్య పంపుతారు, అది కొడితే చాలు. తరగతిలోని స్నేహితుడు చెప్పగా వీడు ఆ ఐడీ తీసుకున్నాడు. అంటే ఊరు ఎక్కడికీ పోలేదు. ఈమెయిలు తెరిస్తే ఊరు దొరుకుతుంది.

దుకాణంలో తెరచిన ఖాతా

ఇక్కడే చిక్కు వచ్చింది. ఆ ఈమెయిలు ఏమిటో ఇంటిలో ఎవరికీ తెలియదు. ఫోను కొన్న రోజున దుకాణంలోని కుర్రవాడే ఏదో పేరు కొట్టి, ఏదో సంకేతపదం పెట్టి, "అయిపోయిందండీ" అని చేతికిచ్చాడు. మన పల్లెల్లో ఎన్నో ఇండ్లలో జరుగుతున్నది ఇదే. తాళం వేసినవాడు వేరొకడు, తాళంచెవి ఎవరి దగ్గరా లేదు.

ఏమి చేశామో వరుసగా చెబుతాము, మీకు కూడ ఉపయోగపడవచ్చు. మొదట తండ్రి ఆధారు కార్డు తీసుకొని వెళ్ళి అదే నంబరుకు డూప్లికేట్ సిమ్ము తెచ్చుకున్నారు. ఇది మొదటి మెట్టు. నంబరు చేతిలో లేకపోతే మిగిలినవి కష్టం. తరువాత గూగుల్ ప్రవేశ పేజీలో ఈమెయిలు మరచిపోయాము అన్న చోట నొక్కి ఫోను నంబరు ఇచ్చాము. ఖాతాలో వ్రాసిన పేరు, ఇంటిపేరు అడిగింది. తండ్రి పేరును ఇంగ్లీషు అక్షరాలలో మూడు విధాలుగా వ్రాసి చూచాము. మూడవసారి కుదిరింది. నంబరుకు సంఖ్య వచ్చింది, ఈమెయిలు బయటపడింది. అటు పిమ్మట సంకేతపదం మరచిపోయాము అని నొక్కి క్రొత్తది పెట్టుకున్నాము.

ఈ పని ఊళ్ళోని నెట్ సెంటరులో కాక ఇంటి దగ్గరనే చేశాము. ఎప్పుడూ వాడే స్థలం నుండి, వాడిన ఫోను ఉంటే ఆ ఫోను నుండి ప్రయత్నించుమని గూగుల్‌వారే చెబుతారు. తెలియని చోటనుండి అడిగితే వారికి అనుమానం ఎక్కువ.

ఖాతా తెరుచుకోగానే ముందుగా వచ్చింది ఆట కాదు, ఫోటోలు. దుకాణం కుర్రవాడు ఫోటోలు దాచే ఏర్పాటును ఆ రోజే నొక్కి ఉంచాడు. అంతకు ముందు సంవత్సరం కన్నుమూసిన మామ్మ నవ్వుతూ కనబడింది. ఆ ఫోటోలు చెరువులోనే పోయాయని అందరూ అనుకున్నారు. తల్లి కొంగు నోటికి అడ్డం పెట్టుకొని ఏడ్చింది. తండ్రి చాలసేపు మాట్లాడలేదు. పిల్లవాడు ఆట కోసం ఏడవకపోతే ఆ ఖాతా కోసం ఆ ఇంటిలో ఎవరూ వెదకియుండేవారు కారు.

తరువాత ఊరు కూడ వచ్చింది. వాడు లేని దినాల్లో ఇతర ఆటగాళ్ళు ఖజానా కొంత దోచుకున్నారు గాని కట్టడాలు కట్టినట్టే ఉన్నాయి. లారీ ఆట మాత్రం రాలేదు. అది ముంతలో డబ్బు.

దేశమంతా ఎదురైన సంగతి

ఇది ఒక్క ఇంటి సంగతి కాదు. 2020 సెప్టెంబరు 2న కేంద్ర ప్రభుత్వం 118 యాప్‌లను నిషేధించింది. వాటిలో మన యౌవనస్థులు విరివిగా ఆడే పబ్‌జీ మొబైల్ ఒకటి. అదే సంవత్సరం అక్టోబరు 30తో అది మన దేశంలో పూర్తిగా ఆగిపోయింది. 2021 జూలైలో కొరియా దేశపు క్రాఫ్టన్ సంస్థ బ్యాటిల్‌గ్రౌండ్స్ మొబైల్ ఇండియా అనే పేరుతో క్రొత్త ఆటను విడుదల చేసింది. పాత ఆటలో సంపాదించుకున్నవాటిని క్రొత్తదానిలోనికి మార్చుకొనే అవకాశం ఇచ్చింది. అయితే పాత ఖాతా ఎవరిదో చూపగలగాలి, గడువులోగా మార్చుకోవాలి. ఆ గడువు 2021 డిసెంబరు 31తో ముగిసింది. తాళంచెవి ఉండి, గడువు గుర్తున్నవారికి దక్కింది. ఆలస్యం చేసినవారు మొదటినుండి మొదలుపెట్టారు.

దూరదేశంలో ఉన్నవారికి

మన గోదావరి జిల్లాల నుండి కువైట్, మస్కట్, దుబాయి వెళ్ళిన తల్లులు ఎందరో ఉన్నారు. 2020 లాక్‌డౌన్ దినాల్లో లూడో కింగ్ ఆట దేశమంతటా ప్రాకింది. దూరాన ఉన్నవారు ఇంటివారితో కలిసి ఆడుకొనడానికి అది ఒక దారి అయింది. అటువంటివారికి ఒక హెచ్చరిక. ఇక్కడి నంబరు రీచార్జి చేయక రద్దయిపోతే, కనీసం 90 దినాల తరువాత దానిని మరొకరికి ఇవ్వవచ్చు. అప్పుడు మీ ఖాతాకు వచ్చే ఓటీపీలు ఎవరో తెలియనివారి చేతికి వెళతాయి. కాబట్టి నంబరును బ్రతికించుకొనండి, లేదా ఖాతాలో నంబరు మార్చుకొనండి. రెండు సంవత్సరాలు అసలే వాడని ఖాతాలను గూగుల్‌వారు 2023 డిసెంబరు నుండి తొలగిస్తున్నారు. అప్పుడప్పుడు తెరచి చూడడం మంచిది.

ఫోను మార్చేటప్పుడు చేయవలసినవి

ఒకటి: పాత ఫోను పని చేస్తుండగానే, ప్రతి ఆటలోను సెట్టింగులు తెరచి, అది ఏ ఖాతాతో కలిసి ఉన్నదో చూడండి. గెస్టు అని ఉంటే అప్పుడే ఖాతాతో కలపండి.

రెండు: ఆండ్రాయిడ్ ఫోను నుండి ఐఫోనుకు మారేవారు జాగ్రత్త. గూగుల్ ప్లే గేమ్స్‌తో దాచినది ఐఫోనులో తెరుచుకోదు. ఆపిల్ గేమ్ సెంటరులో దాచినది ఆండ్రాయిడ్‌లో తెరుచుకోదు. ఆ ఆట సంస్థవారి సొంత ఖాతాయో, ఫేస్‌బుక్ వంటి రెండు చోట్లా పనిచేసే ఖాతాయో ఉంటే దానితో కలపాలి.

మూడు: క్రొత్త ఫోనులో ఆట మొదటినుండి మొదలైతే కంగారుపడవద్దు, అలాగే ఆడుకుంటూ పోవద్దు. ముందు పాత ఖాతాతో ప్రవేశించండి. ఏ ఆటను ఉంచమంటారని అడిగితే, స్థాయి అంకె చూచి పెద్దదానిని ఎంచుకొనండి. పొరపాటున చిన్నదానిని ఎంచుకొంటే పాతది చెరిగిపోవచ్చు.

నాలుగు: దేనికీ రాకపోతే, ఆటలోని సహాయ విభాగం ద్వారా సంస్థవారికే వ్రాయండి. ఆటలోని పేరు, ఆటగాని గుర్తు సంఖ్య, చేరిన స్థాయి, ఎప్పుడైనా డబ్బు చెల్లించి ఉంటే ఆ రసీదు సంఖ్య తెలపండి. గూగుల్ ప్లేలో కొన్నవాటి రసీదులు ఈమెయిలులో ఉంటాయి.

ఐదు: ఫోను పోయినా, దొంగిలించబడినా, ప్రభుత్వంవారి సంచార్ సాథీ ద్వారా దానిని పనిచేయకుండా ఆపించవచ్చు.

మోసగాండ్ర విషయమై

మీ పోయిన ఆటను మేము తెప్పిస్తాము, ఐదు వందలు పంపండి అనేవారు ఉన్నారు. పెద్ద స్థాయి ఐడీ అమ్ముతాము అనేవారూ ఉన్నారు. పిల్లలు ఆశపడి తండ్రి ఫోనుకు వచ్చిన ఓటీపీ చెబుతారు. ఆట ఖాతా తెరచే ఈమెయిలుకే ఇంటిలోని ఇతర ఖాతాలు కూడ కట్టబడి ఉంటాయని వారికి తెలియదు. ఓటీపీ ఎవరికీ చెప్పకూడదు. మోసపోతే సిగ్గుపడి దాచవద్దు, వెంటనే 1930కి ఫోను చేయండి. పందెం కట్టి డబ్బు గెలిచే ఆటల సంగతి వేరు. వాటిని నిషేధిస్తూ 2025లో పార్లమెంటు చట్టం చేసింది. వాటిలో పోయినది తెప్పిస్తామనేవారి మాట వినవద్దు.

తలిదండ్రులతో ఒక మాట

ఆటను పొగడడానికి ఇది వ్రాయలేదు. బ్యాటిల్‌గ్రౌండ్స్ ఆటవారే 18 సంవత్సరాలలోపు వారికి దినానికి మూడు గంటలకు మించకుండా హద్దు పెట్టారు. మూడు గంటలూ ఆడమని దాని అర్థం కాదు. ఎంతసేపు ఆడాలో ఇంటిలో పెద్దవారే నిర్ణయించాలి. కాని బిడ్డ రెండేళ్ళు ఓపికగా కట్టినది ఒక్క రాత్రిలో పోయినప్పుడు, ముందు వాని ప్రక్కన కూర్చొనండి. ఆ తరువాత చెప్పే బుద్ధిమాట వాడు వింటాడు. చెరువు గట్టు తెగి పెట్టుబడి పోయిన తండ్రికి ఆ బాధ తెలియనిది కాదు.

ఆకివీడులోని ఆ తండ్రి ఆ సాయంత్రం కుమారుని పిలిచి, "ఏదిరా నీ ఊరు, చూపించు" అన్నారు. వాడు గోడలు, గనులు ఒక్కొక్కటి చూపాడు. రాత్రి తొమ్మిది గంటలకు ఫోను పెట్టివేయాలని తండ్రి చెబితే వాడు మారు మాట్లాడలేదు. తల్లి ఒక చిన్న నోటు పుస్తకంలో ఈమెయిలు, ఖాతాలో వ్రాసిన పేరు ఏ అక్షరాలతో ఉన్నదో, ఏ నంబరుకు కట్టి ఉన్నదో, ఏ ఆట ఏ ఖాతాతో ఉన్నదో వ్రాసి బీరువాలో, పొలం కాగితాల ప్రక్కన పెట్టింది.

ప్రియమైన పాఠకులారా, ఈ రాత్రి భోజనాలైన తరువాత మీరు కూడ ఇంటిలోని ఫోనులు ముందు పెట్టుకొని, "ఇది ఏ పేరుతో తెరిచాము?" అని ఒకరినొకరు అడగండి. జవాబు తెలియకపోతే, ఫోను పొడిగా ఉన్నప్పుడే తెలుసుకొనండి.