హెడ్ కోచ్ కాకపోతేనేం?

గత మే నెలలో మా అబ్బాయి డిగ్రీ పూర్తయింది. ఆ రాత్రి భోజనాల దగ్గర వాడు నెమ్మదిగా విషయం బయటపెట్టాడు. "నాన్నా, నేను ఆఫీసు ఉద్యోగాలకు అప్లై చేయడం లేదు. ఓ చిన్న కాలేజీ ఫుట్‌బాల్ జట్టులో గ్రాడ్యుయేట్ అసిస్టెంట్‌గా చేరుతున్నాను."

మా ఆవిడ వడ్డించడం ఆపేసి నా వంక చూసింది. నేను రెండు ప్రశ్నలు అడిగాను. జీతం ఎంత? హెడ్ కోచ్ ఎప్పుడవుతావు? మొదటి దానికి వాడు చెప్పిన జవాబు విన్నాక రెండోది ఇంకాస్త గట్టిగా అడిగాను.

"కాకపోవచ్చు కూడా. స్కార్ గురించి ఎప్పుడైనా విన్నావా?" అన్నాడు.

మసాచుసెట్స్‌లో ఇరవై ఏళ్లుగా ఉంటున్నాం. టామ్ బ్రేడీ తెలుసు, బిల్ బెలిచిక్ తెలుసు. పేట్రియాట్స్ గెలిచినప్పుడల్లా వీధిలో వాళ్లతో పాటు సంబరపడ్డాం. కానీ ఈ పేరు నేను వినలేదు. వాడిని ఆపాలన్నా, పంపాలన్నా ముందు ఆ మనిషెవరో తెలుసుకోవాలనిపించింది. ఆ వేసవి అంతా చదివాను, పాత మ్యాచ్‌లు వాడి పక్కన కూర్చుని చూశాను.

ఆరుగురు మారారు.. ఆయన ఉన్నారు

స్కార్ అసలు పేరు డాంటే స్కార్నెకియా. 1970లో కాలిఫోర్నియాలోని ఓ చిన్న కాలేజీలో కోచింగ్ మొదలుపెట్టారు. తర్వాత అయోవా, టెక్సస్, ఆరిజోనా అంటూ కాలేజీ తర్వాత కాలేజీ మారారు. 1982లో న్యూ ఇంగ్లండ్ పేట్రియాట్స్‌కు అసిస్టెంట్‌గా వచ్చారు. మధ్యలో రెండు సీజన్లు ఇండియానాపోలిస్ కోల్ట్స్‌కు వెళ్లి, 1991లో మళ్లీ ఇక్కడికే తిరిగొచ్చారు. మొత్తం 34 సీజన్లు ఈ ఒక్క జట్టుకే పనిచేశారు.

ఈ ఆటలో ఇది మామూలు విషయం కాదు. సాధారణంగా హెడ్ కోచ్‌ను తీసేస్తే ఆయన తెచ్చుకున్న అసిస్టెంట్లు కూడా సామాను సర్దుకోవాల్సిందే. అలాంటిది పేట్రియాట్స్‌లో స్కార్ ఆరుగురు హెడ్ కోచ్‌ల కింద పనిచేశారు. కొత్తగా వచ్చినవాళ్లు కూడా ఆయన్ని వదులుకోలేదు. 1992లో హెడ్ కోచ్ డిక్ మెక్‌ఫెర్సన్ అనారోగ్యం పాలైతే కొన్ని వారాలు జట్టు బాధ్యత చూసుకున్నదీ ఆయనే. ఆ తర్వాత మళ్లీ తన పాత పనిలోకి వెళ్లిపోయారు. పూర్తిస్థాయి హెడ్ కోచ్ మాత్రం ఎప్పుడూ కాలేదు.

కనిపించని ఐదుగురు

ఆయన పేరు నిలబడింది అఫెన్సివ్ లైన్ కోచ్‌గా. బంతి పట్టుకునే క్వార్టర్‌బ్యాక్ ముందు ఐదుగురు భారీ మనుషులు గోడలా నిలబడతారు. మధ్యలో సెంటర్, ఆయనకు అటూ ఇటూ గార్డులు, చివర్లలో టాకిల్స్. మీదికి దూసుకొచ్చే ప్రత్యర్థుల్ని రెండు మూడు సెకన్లు ఆపడమే వీళ్ల పని. మామూలుగా వీళ్లు పాస్ అందుకోవడానికి నిబంధనలే ఒప్పుకోవు. స్కోరులో పేరు రాదు. తప్పు చేసి పెనాల్టీ తెచ్చినప్పుడే టీవీలో వాళ్ల నంబరు వినిపిస్తుంది.

ఈ ఐదుగురికీ అడుగు ఎలా వేయాలి, చేతులు ఎక్కడ పెట్టాలి, నడుము ఎంత వంచాలి అన్నది రోజూ మొదటి నుంచి నేర్పించడమే స్కార్ పని. ప్రాక్టీసులో ఆయన ఎంత కఠినమో ఆటగాళ్లు కథలు కథలుగా చెబుతారు. స్టీఫెన్ నీల్ అనే కుర్రాడు కాలేజీలో ఒక్క ఫుట్‌బాల్ మ్యాచ్ కూడా ఆడలేదు. 1999లో ప్రపంచ కుస్తీ చాంపియన్ అతను. ఆ కుస్తీ వీరుడు స్కార్ చేతిలో పడి గార్డుగా మారాడు. సూపర్ బౌల్‌లో ఆడాడు, 2010 సీజన్ దాకా ఆ జట్టులోనే ఉన్నాడు.

2013 సీజన్ తర్వాత స్కార్ రిటైరయ్యారు. రెండేళ్లకు, 2016 జనవరిలో డెన్వర్‌తో జరిగిన సెమీఫైనల్ లాంటి మ్యాచ్‌లో బ్రేడీ పదే పదే దెబ్బలు తిన్నాడు. పేట్రియాట్స్ 18-20తో ఓడింది. మరుసటి నెలే స్కార్‌కు మళ్లీ పిలుపు వచ్చింది. ఆయన తిరిగొచ్చిన తొలి సీజన్‌లోనే జట్టు సూపర్ బౌల్ గెలిచింది. 28-3తో వెనకబడి 34-28తో గెలిచిన ఆ మ్యాచ్ ఇక్కడున్న మనవాళ్లెవరూ మరచిపోలేదు. 2018 సీజన్ ప్లేఆఫ్స్‌లో మూడు మ్యాచ్‌లు కలిపి బ్రేడీని ప్రత్యర్థులు బంతితో సహా పడగొట్టింది ఒకే ఒక్కసారి. 2020లో స్కార్ రెండోసారి రిటైరయ్యే నాటికి పది సూపర్ బౌల్స్ చూశారు, ఐదు గెలిచారు. 2023లో పేట్రియాట్స్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు దక్కింది.

లెక్క కూడా చూసుకున్నాం

ఇదంతా విని నేను కరిగిపోయానని అనుకోవద్దు. అందరూ స్కార్ కాలేరు. ఎన్‌ఎఫ్‌ఎల్‌లో ఉన్నవి 32 జట్లు. అంటే హెడ్ కోచ్ కుర్చీలు 32 మాత్రమే. అసిస్టెంట్‌గా అక్కడిదాకా చేరేవాళ్లూ కొద్దిమందే. గ్రాడ్యుయేట్ అసిస్టెంట్ అంటే మాస్టర్స్ చదువుతూ కోచ్‌ల కింద పనిచేయడం. ప్రత్యర్థి జట్ల వీడియోలు కత్తిరించాలి, పటాలు గీయాలి, తెల్లారకముందే మైదానంలో ఉండాలి. ఆ తర్వాత ఒక విభాగానికి కోచ్, ఆపైన కోఆర్డినేటర్. ఒక్కో మెట్టుకూ ఊరు మారాల్సి రావచ్చు. పెళ్లయితే భార్యాబిడ్డలూ మారాలి.

అందుకే మా ఇంట్లో కాగితం మీద రాసుకుని మాట్లాడుకున్నాం. ఫీజు మాఫీ ఉందా? ఉంది. ఆరోగ్య బీమా? 26 ఏళ్లు వచ్చేదాకా మా బీమాలోనే ఉండొచ్చు. మాస్టర్స్ పట్టా చేతికొస్తుందా? వస్తుంది. పని నేర్పే లైన్ కోచ్ ఎవరు, ఆయన దగ్గర నేర్చుకున్నవాళ్లు ఇప్పుడు ఎక్కడున్నారు? ఈ చివరి ప్రశ్న మా ఆవిడ అడిగింది. వాడు రెండు రోజులు తిరిగి జవాబు పట్టుకొచ్చాడు. అప్పుడు ఆమె సరేనంది.

నా సంగతికొస్తే, పద్దెనిమిదేళ్లుగా డేటాబేస్‌లు చూస్తున్నాను. మేనేజర్‌ని కాలేదు. ఇండియా వెళ్లిన ప్రతిసారీ "ఇంకా అదే పోస్టా?" అని అడిగేవాళ్లుంటారు. అర్ధరాత్రి సిస్టమ్ ఆగిపోతే ఫోన్ వచ్చేది మాత్రం నాకే. ఆ పని నాకిష్టమని పైకి చెప్పడానికి ఇన్నాళ్లూ మొహమాటపడ్డాను. అదే ప్రశ్నను నా కొడుకును నేనే అడిగానని ఆ వేసవిలోనే తెలిసొచ్చింది.

ఆగస్టులో వాడిని కారులో దింపి వచ్చాం. ఆ వారమే తెనాలి నుంచి అన్నయ్య ఫోన్ చేశాడు. "అసిస్టెంట్ కోచ్ ఏంట్రా?" అన్నాడు. "మన హైదరాబాద్ శ్రీధర్ ఇండియా టీమ్‌కి ఫీల్డింగ్ కోచ్‌గా చేయలేదూ, అలాంటిదే అన్నయ్యా. ఒక్క విభాగం చూసుకోవడం" అని చెప్పాను.

"మరి హెడ్ ఎప్పుడవుతాడు?"

"కాకపోవచ్చు అన్నయ్యా" అన్నాను. "ముందు పని నేర్చుకోనీ."