క్రిస్మస్ సెలవుల్లో సాసేజ్ పాస్తా: తినేవాళ్లకీ, తినని వాళ్లకీ ఒకే వంటగా

క్రిస్మస్ సెలవులకి పిల్లలు హాస్టళ్ల నుంచి, ఉద్యోగాల ఊళ్ల నుంచి ఇంటికి చేరాక అడిగే వంటల్లో బిర్యానీ తర్వాత ఇప్పుడు పాస్తా మాట వినిపిస్తోంది. బెంగళూరు, చెన్నై, ముంబైలలోనే కాదు, హోసూరు, బళ్లారి, షోలాపూరు, బరంపురంలలోని మనవాళ్ల ఇళ్లలోనూ అంతే. అడగడం వరకూ బాగానే ఉంటుంది. వండే వాళ్లకే చిక్కు. డిసెంబరు నడుమ ధనుర్మాసం మొదలవుతుంది. మహారాష్ట్ర, ఒడిశాల్లో తరాలుగా ఉంటున్న కుటుంబాల్లో ఆడవాళ్లు చాలామంది అక్కడి ఆచారాన్ని పట్టుకుని మార్గశిర గురువారాలు నీచు ముట్టరు. చికెన్ తింటాం గానీ పోర్క్ వద్దనేవాళ్లు ఎలాగూ ఉంటారు. పండగ చేసుకునేది ఒక ఇల్లయినా భోజనానికి వచ్చేది నాలుగిళ్ల వాళ్లు. వాళ్లలో ముగ్గురికి విడిగా పప్పూ అన్నం పెట్టి, మిగతా వాళ్లకి పండగ వంట వడ్డించడం పెట్టేవాళ్లకీ ఇబ్బందే, తినేవాళ్లకీ ఇబ్బందే.

కూరగాయలు దండిగా వేసిన సాసేజ్ పాస్తా ఇలాంటి పంక్తికి సరిపోతుందని మేమంటాం. కారణం దాని తయారీలోనే ఉంది. పాస్తా ఒక గిన్నెలో, టమాటా కూరగాయల సాస్ ఇంకో దాంట్లో, సాసేజ్ మూడో దాంట్లో ఉడుకుతాయి. మూడూ కలిసేది వడ్డించే ముందు ఐదు నిమిషాల్లోనే. ఆ కలిపే ముందు శాకాహారుల వంతు తీసి పక్కన పెడితే చాలు, అందరి పళ్లెంలోనూ అదే వంట ఉంటుంది. (అయ్యప్ప మాలలో ఉన్నవాళ్ల సంగతి వేరు. వాళ్ల వంట విడిగానే జరగాలి, దాన్ని ఇందులో కలపబోవడం లేదు.)

సరుకులు కొనేటప్పుడు

పాస్తా మనకి మరీ పరాయి తిండేమీ కాదు. దురుమ్ అనే గట్టి గోధుమ రవ్వని నీళ్లతో తడిపి, అచ్చుల్లోంచి ఒత్తి, ఆరబెడితే పాస్తా. కర్ణాటక, మహారాష్ట్రల్లో ఉండేవాళ్లకి బాగా తెలిసిన బన్సీ రవ్వ కూడా ఆ జాతి గోధుమదే. ప్యాకెట్ వెనక దురుమ్ గోధుమ అని ఉందో లేదో చూడండి. మైదాతో చేసిన చవక రకం ఉడికేటప్పుడే మెత్తబడి, కలిపేసరికి ముద్దవుతుంది. కొన్ని రకాల్లో గుడ్డు కలుపుతారు కనుక ఆకుపచ్చ గుర్తు ఉన్నదే తీసుకోవాలి. ఆకారాల్లో పెన్నె గానీ, మెలికలు తిరిగిన ఫుసిల్లీ గానీ మేలు. కూరగాయ ముక్కలు వాటి సందుల్లో పట్టి నిలుస్తాయి. పొడుగు స్పగెట్టీ ఈ వంటకి వద్దు, ముక్కలన్నీ అడుక్కి జారిపోతాయి.

సాసేజ్ దగ్గరే ఎక్కువ జాగ్రత్త కావాలి. ఫ్రీజర్ ప్యాకెట్లలో వచ్చే చికెన్ సాసేజ్ చాలావరకు ముందే ఉడికించి ఉంటుంది, దాన్ని బాగా వేడిచేసి పైన ఎర్రగా వేయిస్తే సరి. కోల్డ్ స్టోరేజ్ దుకాణాల్లో అమ్మే పోర్క్ సాసేజ్ తరచు పచ్చిది. అది లోపలి దాకా ఉడకాలి. పోర్క్ ఖీమాకి లోపల 71 డిగ్రీల సెల్సియస్, చికెన్ ఖీమాకి 74 డిగ్రీలు రావాలని అమెరికా వ్యవసాయ శాఖ చెబుతుంది. థర్మామీటర్ లేకపోతే ముక్కని నడిమికి కోసి చూడండి. గులాబీ రంగు కనిపించినా, కారే రసం తేటగా లేకపోయినా ఇంకా పొయ్యి మీద ఉండాల్సిందే. ప్యాకెట్ మీద ఏమీ రాసి లేకపోతే పచ్చిదనే అనుకుని వండండి.

ముంబై, బెళగావి వైపు ఉన్నవాళ్లకి గోవా సాసేజ్ కూడా దొరుకుతుంది. పోర్చుగీసువాళ్లు 1510 నుంచి 1961 దాకా గోవాని ఏలిన కాలంలో పుట్టి అక్కడే కుదురుకున్న వంట అది. పోర్క్‌ని ఎండుమిర్చి, వెల్లుల్లి, వెనిగర్‌లో ఊరబెట్టి, పూసల దండలా కట్టి ఆరబెడతారు. రుచి చాలా ఘాటు. మామూలు సాసేజ్‌లో సగం తూకం చాలు, పైగా వేరే కారం వేయకూడదు. తొడుగు విప్పి, లోపలి మాంసాన్ని కాసిని నీళ్లతో అరగంట మగ్గించాలి.

తొడుగు మాట వచ్చింది కనుక ఇంకొకటి. సాసేజ్ చుట్టూ ఉండే పొర కొన్నిటికి గొర్రె, పంది పేగులతో చేస్తారు. కొలాజెన్ అని రాసి ఉంటే అది ఎక్కువగా ఆవు, ఎద్దు చర్మాల నుంచి తీసిన మాంసకృత్తు. లోపల చికెనే అయినా పైపొర వేరే జంతువుది కావచ్చు. ఇది పట్టింపు ఉన్న ఇళ్లలో ప్యాకెట్ వెనక చిన్న అక్షరాలు చదివి కొనాలి, లేదా స్కిన్‌లెస్ అని ఉన్నవి తీసుకోవాలి.

ఎనిమిది మందికి, అందులో ఐదుగురు సాసేజ్ తింటారనుకుంటే, మా లెక్క ఇది: పాస్తా 600 గ్రాములు, సాసేజ్ 400 గ్రాములు, టమాటాలు కిలో, కాలీఫ్లవర్ 300 గ్రాములు, క్యారెట్ 200, క్యాప్సికమ్ 200, పచ్చి బఠాణీ 150, పెద్ద ఉల్లిపాయలు రెండు, వెల్లుల్లి రెబ్బలు పన్నెండు, నూనె ఐదారు చెంచాలు, చీజ్ 100 గ్రాములు, ఎండుమిర్చి నాలుగు, మిరియాలు, ఉప్పు. వీటికి తోడు సోంపు ఒకటిన్నర చెంచా. దక్షిణ ఇటలీ సాసేజ్‌లకి ఆ వాసన తెచ్చేది సోంపే. మన బజారు చికెన్ సాసేజ్‌లో అది ఉండదు, కాబట్టి మనమే వేసుకోవాలి. షోలాపూరు కొట్లో బడీశేప్ అని, బరంపురంలో పానమధురి అని అడగండి. పేరు తెలియక జీలకర్రతో సరిపెడితే వంట పాస్తాలా కాక తాలింపు వేసిన ఉప్మాలా మిగులుతుంది.

వండే వరస

ముందు సాస్. అడుగు మందంగా ఉన్న గిన్నెలో నాలుగు చెంచాల నూనె వేడిచేసి, దంచిన సోంపు, తుంచిన ఎండుమిర్చి, సన్నగా తరిగిన ఉల్లి, వెల్లుల్లి సన్న సెగ మీద మగ్గనివ్వాలి. ఉల్లి ఎర్రబడక్కర్లేదు, మెత్తబడితే చాలు. తరిగిన టమాటాలు, అర చెంచా ఉప్పు వేసి నూనె పైకి తేలేదాకా ఉడికించాలి. నాటు టమాటా పులుపెక్కువ, నీరెక్కువ. బెంగళూరు టమాటాకి కండ ఎక్కువ, పులుపు తక్కువ. సగం సగం వేస్తే సాస్ చక్కగా కుదురుతుంది. ఒక్క నాటువే దొరికితే చిటికెడు పంచదార వేయండి. టమాటా కెచప్ మాత్రం పోయకండి. పిల్లలు అడుగుతారు, అయినా సరే. దాని తీపి కూరగాయల రుచిని మింగేస్తుంది. గరం మసాలాకీ ఇక్కడ పని లేదు.

కూరగాయల్ని సాస్‌లో వేసి ఉడికించడం చాలామంది చేసే పని, అదే వంటని చప్పగా చేస్తుంది. కాలీఫ్లవర్, క్యారెట్, క్యాప్సికమ్ ముక్కల్ని విడిగా ఒక చెంచా నూనెలో పెద్ద మంట మీద, అక్కడక్కడా మచ్చలు పడేలా వేయించాలి. బాణలి నిండా ఒకేసారి కుమ్మరిస్తే అవి వేగవు, తమ ఆవిరిలోనే ఉడికిపోతాయి. రెండు దఫాలుగా వేయించండి. బఠాణీ చివర్లో రెండు నిమిషాలు చాలు. వేగిన ముక్కల్ని సాస్‌లో కలిపి దించేస్తే కొరికినప్పుడు కాస్త కరకర మిగులుతుంది.

సాసేజ్‌ని అంగుళం ముక్కలుగా కోసి, వేరే పెనంలో, వేరే గరిటెతో ఎర్రగా వేయించాలి. అవి వదిలిన కొవ్వుని పారబోయకండి, తర్వాత తినేవాళ్ల వంతులో కలుపుకోవాలి.

ఇక పాస్తా. ఇటలీలో 100 గ్రాముల పాస్తాకి లీటరు నీళ్లు, 10 గ్రాముల ఉప్పు అని లెక్క చెబుతారు. నీళ్లు ఆ లెక్కనే ఆరు లీటర్లు పోయండి. ఉప్పు మాత్రం 40 గ్రాములకి తగ్గించమంటాం, ఎందుకంటే సాసేజ్‌లోనూ చీజ్‌లోనూ ఇప్పటికే ఉప్పు ఉంది. అంత పెద్ద గిన్నె లేకపోతే రెండు విడతలుగా ఉడికించుకోవచ్చు. నీళ్లు తెర్లుతుండగా పాస్తా వేసి, మొదటి నిమిషం బాగా కలపాలి. అంటుకునేది అప్పుడే. ప్యాకెట్ మీద 11 నిమిషాలు అని ఉంటే 9 నిమిషాలకే ఒకటి తీసి కొరికి చూడండి. నడుమ సన్నటి తెల్లని చుక్క కనిపించాలి. మిగతా ఉడుకు సాస్‌లో జరుగుతుంది. అన్నం మెత్తగా ఉడికించే చేతులకి ఇది పచ్చిగానే అనిపిస్తుంది, కంగారు పడకండి.

వార్చే ముందు రెండు గ్లాసుల గంజి తీసి దాచుకోవాలి. అన్నం గంజి విలువ తెలిసినవాళ్లం, ఈ గంజినీ ఊరికే పోనివ్వకూడదు. అందులోని పిండి, సాస్‌లోని నూనెనీ నీటినీ విడిపోకుండా పట్టి ఉంచి, ప్రతి ముక్కకీ పూతలా అంటేలా చేస్తుంది. మన ఇళ్లలో పాస్తా పొడిపొడిగా, సాస్ అడుగున నీరుగా మిగలడానికి కారణం ఎక్కువగా ఈ గంజి లేకపోవడమే. వార్చాక చన్నీళ్లతో కడగడం కూడా అందుకే వద్దు.

ఇప్పుడు పంపకం. సాస్‌లో, పాస్తాలో మూడు వంతులు చొప్పున తీసి శుభ్రమైన బాణలిలో వేసి, అర గ్లాసు గంజితో రెండు నిమిషాలు పెద్ద మంట మీద కలియబెడితే ముగ్గురు శాకాహారులకి సిద్ధం. (మూడు వంతులంటే ఎనిమిదింట మూడు.) వాళ్లది ముందు కలిపి దించాకే రెండో బాణలి పొయ్యెక్కించండి. మిగిలిన సాస్, పాస్తా, సాసేజ్ ముక్కలు, వాటి కొవ్వు, ఒక గ్లాసు గంజి వేసి అలాగే కలపాలి. మంట ఆపాక మిరియాల పొడి, తురిమిన చీజ్. శాకాహారుల పళ్లేలకి ఆకుపచ్చ గుర్తు చీజే వాడండి. అసలైన పర్మెసాన్‌ని దూడ కడుపు నుంచి తీసిన రెన్నెట్‌తో పేరబెడతారు, అది వాళ్లకి పనికిరాదు. మాంసం లేని పళ్లెం బోసిగా ఉండకుండా పనీర్ ముక్కల్ని కొద్దిగా సోంపు, మిరియాలు అద్ది వేయించి వేస్తే బాగుంటుంది.

పండగ పొద్దున

చర్చికి వెళ్లి వచ్చేవాళ్లకి, వంటింట్లో మధ్యాహ్నం దాకా నిలబడే ఓపిక లేనివాళ్లకి ఒక మాట. సాస్ ముందు రోజే చేసుకోవచ్చు. చల్లారగానే, అంటే రెండు గంటల్లోపే, ఫ్రిజ్‌లో పెట్టి, మర్నాడు తెర్లేదాకా వేడిచేయాలి. గడ్డకట్టిన సాసేజ్‌ని ముందు రాత్రే ఫ్రీజర్ నుంచి ఫ్రిజ్ కింది అరలోకి దించండి, గట్టు మీద వదిలేయొద్దు. కరిగినదాన్ని మళ్లీ ఫ్రీజర్‌లో పెట్టొద్దు. పాస్తాని మాత్రం ఎప్పుడూ ముందుగా ఉడికించకండి. అందరూ చేతులు కడుక్కునే వేళకి నీళ్లు తెర్లుతుంటే అదే సరైన సమయం. యానాం నుంచి కాకినాడ వెళ్లి సాసేజ్ తెచ్చుకునేవాళ్లు ఐసు పెట్టిన డబ్బా వెంట తీసుకెళ్లాలి. చిన్న ఊళ్ల నుంచి పక్క పట్నానికి వెళ్లే అందరికీ ఇదే జాగ్రత్త.

ఇది వారం వారం చేసుకునే టిఫిన్ కాదని కూడా చెప్పాలి. సాసేజ్‌లో సుమారు 2 శాతం ఉప్పు ఉంటుంది. మనిషికి 80 గ్రాములు వడ్డిస్తే ఒకటిన్నర గ్రాములకి పైనే ఉప్పు, అది సాసేజ్ నుంచే. ప్రపంచ ఆరోగ్య సంస్థ రోజు మొత్తానికి 5 గ్రాముల లోపే ఉండమంటుంది. ఆ సంస్థకి చెందిన క్యాన్సర్ పరిశోధన విభాగం 2015లో ప్రాసెస్ చేసిన మాంసాన్ని క్యాన్సర్ కారకాల్లో చేర్చింది. బీపీ ఉన్న పెద్దవాళ్లకి సాసేజ్ రెండు మూడు ముక్కలు వేసి, కూరగాయలు ఎక్కువ వడ్డించండి. ఆ రోజు అప్పడం, ఆవకాయ పక్కన పెట్టకపోతే ఇంకా మంచిది.

మిగిలింది మూత పెట్టి ఫ్రిజ్‌లో ఉంచితే మర్నాడు వాడుకోవచ్చు. రెండు డబ్బాలూ చూడటానికి ఒకేలా ఉంటాయి, కాబట్టి సాసేజ్ ఉన్నదాని మీద ఒక చీటీ అంటించండి. వేడిచేసేటప్పుడు రెండు చెంచాల నీళ్లు చిలకరించి, మూత పెట్టి, ఆవిర్లు వచ్చేదాకా ఉంచాలి.